ఆల్ట్‌కోనిగ్ కొండ మీద గోవింద నామం

"ఇది అడవి. కాస్త మెల్లగా" అన్నాడు, జర్మనీలో ఆల్ట్‌కోనిగ్ కొండ ఎక్కుతుంటే ఎదురొచ్చిన జర్మన్ పెద్దాయన. ఆగను కూడా లేదు. అప్పుడే మా అమ్మ "ఏడుకొండలవాడా వెంకటరమణా" అంది, వెనక నుంచి మేం "గోవిందా గోవింద" అన్నాం. అంతకు మించి ఏమీ లేదు.

"ఏమంటున్నాడ్రా?" అని అమ్మ అడిగింది. "దారి జాగ్రత్త అంటున్నాడమ్మా" అన్నాను. ఆవిడ హాయిగా ఎక్కేసింది. నాకు మాత్రం ఆ మాట ఇంకా మింగుడు పడలేదు.

నా ఆఫీసు ఫ్రాంక్‌ఫర్ట్ పక్కన ఎష్‌బోర్న్‌లో. కిటికీలోంచి టౌనస్ కొండలు కనిపిస్తాయి. టవర్ ఉన్నది గ్రోసర్ ఫెల్డ్‌బెర్గ్, సుమారు 880 మీటర్లు. దాని ముందు గుండ్రంగా, ఒళ్ళంతా చెట్లతో ఉన్నది ఆల్ట్‌కోనిగ్, 798 మీటర్లు. కింద మైదానం ఎత్తు 100 మీటర్ల చిల్లర కాబట్టి ఈ కొండలు ఒక్కసారిగా గోడ లేచినట్టు ఉంటాయి. దాదాపు 40 కోట్ల ఏళ్ళ కిందటి సముద్రపు ఇసుక గట్టిపడి క్వార్ట్‌జైట్ రాయి అయింది. పక్కనున్న మెత్తని పలకరాయి అరిగిపోయినా ఇది నిలబడింది. ఉత్తరపు చలిగాలిని ఈ వరసే ఆపుతుంది. అందుకే కొండ కింద క్రోన్‌బెర్గ్‌లో, వెచ్చదనం కోరుకునే చెస్ట్‌నట్ తోటలు బతుకుతున్నాయి.

మన తిరుమల కొండలదీ క్వార్ట్‌జైటే. శిలాతోరణం ఆ రాయే. వయసులో ఈ టౌనస్ రాయికన్నా వంద కోట్ల ఏళ్ళకు పైగా పెద్దది. అమ్మ అలిపిరి నుంచి 3,550 మెట్లు మోకాళ్ళు పట్టుకుని ఎక్కిన మనిషి. కాళ్ళు లాగినప్పుడు నోటికి గోవింద నామం దానంతటదే వస్తుంది. ముందు వాళ్ళు అంటే వెనకవాళ్ళు అందుకుంటారు, ముక్కూమొహం తెలియనివాళ్ళు కూడా. కొండ మీద మర్యాద అంటే మనకు అదే కదా.

పెద్దాయన బాధ అర్థం కాక కాదు. 2018 నుంచి వరసగా వచ్చిన కరువుకి, బెరడు పురుగుకి టౌనస్‌లో స్ప్రూస్ అనే సూదాకుల చెట్లు గుంపులు గుంపులుగా ఎండిపోయాయి. పచ్చగా ఉండాల్సిన వాలులు బోడిగా ఉన్నాయి. ఉన్న అడవిని కళ్ళలో పెట్టుకుని చూసుకుంటారు, అది నాకు గొప్పగానే అనిపిస్తుంది. ఇంకో మంచి సంగతి, 1975 నాటి జర్మనీ అడవి చట్టం ప్రకారం అడవి ఎవరిదైనా సరే, సేద తీరడానికి ఎవరైనా వెళ్ళి నడవొచ్చు. టికెట్ లేదు, గేటు లేదు. అలాంటి చోట మా అమ్మ గొంతు ఎందుకు ఎక్కువైంది? ఆల్ట్‌కోనిగ్‌కీ ఫెల్డ్‌బెర్గ్‌కీ మధ్య ఫుక్స్‌టాంజ్ అనే చోట హోటళ్ళున్నాయి. ఆదివారం అక్కడ బీరు గ్లాసుల మధ్య నవ్వులు దూరానికి వినిపిస్తాయి. వాళ్ళనెవరూ మెల్లగా అనరు.

వారమంతా ఆఫీసులో గొంతు తగ్గించుకునే బతుకుతాం. ఫోన్ వస్తే కారిడార్‌లోకి పరుగు. తెలుగులో నవ్వితే పక్క సీటు వాళ్ళు తల తిప్పుతారేమోనని టెన్షన్. కొండ మీద కూడా అదే అంటే ఎలా?

పైకెళ్ళాక అమ్మ చుట్టూ చూసి, "ఇంత కొండకి గుడి లేదేంట్రా?" అంది. రాళ్ళ కట్టలు చూపించాను. క్రీస్తుకు పూర్వం 400 ప్రాంతంలో కెల్టులు అనే పాతకాలపు యూరప్ జనం ఇక్కడ రెండు చుట్లు కోటగోడ కట్టారు, చెక్క చట్రాల్లో సున్నం లేకుండా రాళ్ళు పేర్చి. చెక్క కుళ్ళిపోయి, గోడలు కూలి, అడవి మధ్య ఇప్పుడు రాళ్ళ వరసలే మిగిలాయి. అంత రాయిని కొండ మీదికి చేర్చినవాళ్ళు హైలెస్సా లాంటి కేక ఒక్కటీ వెయ్యకుండా నోరు మూసుకుని మోశారంటే నేను నమ్మను.