కవాగోయె వీధుల్లో తాతయ్యా మనవరాలూ

టోక్యోలో ఉండే మన తెలుగువాళ్ళ ఇళ్ళకి ఇండియా నుంచి అమ్మానాన్నలు వస్తే చూపించేవి దాదాపు ఒకటే లిస్టు, అసకుసా గుడి, స్కైట్రీ, ఒకరోజు ఫుజి కొండ, ఓపికుంటే క్యోటో. అవన్నీ చూడాల్సినవే. కానీ నన్నడిగితే పిల్లలు తాతయ్య అమ్మమ్మలతో కలిసి నడవాల్సిన ఊరు కవాగోయె. టోక్యో పక్కనే, సైతామాలో ఉంది. ఇకెబుకురోలో తోబు తోజో లైన్ ఎక్కితే అరగంట, మేముండే నిషికసాయ్ వైపు నుంచైతే తోజాయ్ లైన్‌లో తకదనోబబా దాకా వెళ్ళి అక్కడ సెయిబు లైన్ మారి హొన్-కవాగోయెలో దిగాలి, పాత వీధికి ఆ స్టేషనే దగ్గర, పెద్దవాళ్ళకి నడక తగ్గుతుంది.

మేం వెళ్ళింది మా అమ్మా నాన్నగారూ రాజమండ్రి నుంచి వచ్చినప్పుడు. నాన్నగారు ఇరిగేషన్ డిపార్ట్‌మెంట్‌లో చేసి రిటైర్ అయ్యారు, ఏ కట్టడం దగ్గరికెళ్ళినా ముందు గోడ తట్టి చూస్తారు. మా పాప ఆరో క్లాసు, బాబు రెండో క్లాసు, ఇద్దరూ ఇక్కడి మామూలు స్కూల్లోనే, చదువంతా జపనీస్‌లోనే. ఇంట్లో తెలుగు మాట్లాడతారు, బాగానే మాట్లాడతారు, కానీ కాస్త లోతుగా ఏదైనా చెప్పాల్సి వస్తే జపనీస్‌లోకి జారిపోతారు, ఇద్దరూ కొట్టుకునేది కూడా ఆ భాషలోనే. తాతయ్యతో వీడియో కాల్ అంటే "తిన్నావా, స్కూల్ ఎలా ఉంది, జాగ్రత్త" ఇంతే. ప్రేమ లేక కాదు, ఇద్దరికీ కలిపి మాట్లాడుకోడానికి ఒక విషయం ఉండదు. బయటి దేశాల్లో పిల్లల్ని పెంచే చాలామంది ఇళ్ళల్లో ఇదే పరిస్థితి అనుకుంటా.

అందుకే ఇంగ్లీషులో చెప్పే టూర్ వదిలేసి, కావాలనే జపనీస్‌లో చెప్పే వాలంటీర్ గైడ్‌ని మాట్లాడుకున్నాం. పాప విని తాతయ్యకి తెలుగులో చెప్పాలి, తాతయ్య అడిగింది ఆయనకి జపనీస్‌లో చెప్పాలి, నేనూ మా ఆయనా మధ్యలో దూరకూడదు అని ముందే అనుకున్నాం. గైడ్ గారికి డెబ్బై దాటి ఉంటాయి, ఆ ఊళ్ళోనే పుట్టి పెరిగారట, చేతిలో ఒక ప్లాస్టిక్ ఫోల్డర్, దాన్నిండా పాత ఫోటోలు. వీధిలో ఒక్కోచోట ఆగడం, చుట్టూ ఒకసారి చూపించడం, తర్వాత ఫోల్డర్ తెరిచి అదే చోటు ఒకప్పుడు ఎలా ఉండేదో చూపించడం, ఇదీ పద్ధతి.

కవాగోయె పాత వీధి అంటే నల్లటి కొట్ల వీధి. రెండంతస్తుల కొట్లు, అడుగు మందం మట్టి గోడలు, పైన నల్ల పూత, దానిపైన బరువైన పెంకుల కప్పు. 1893 మార్చిలో పెద్ద అగ్నిప్రమాదం జరిగి ఊళ్ళో మూడో వంతు పైన ఇళ్ళు కాలిపోయాయి. చెక్క ఇళ్ళు కదా, ఒకటి అంటుకుంటే వరసంతా పోయింది. మిగిలినవి ఏవీ అని చూస్తే మందపాటి మట్టి గోడలతో కట్టిన కొన్ని, అందులో 1792లో కట్టిన ఓసావా వాళ్ళ ఇల్లు ఒకటి, అది ఇప్పటికీ ఆ వీధిలోనే ఉంది. అప్పటికి టోక్యోలో ఇటుక కట్టడాల ఫ్యాషన్ వచ్చేసినా ఈ ఊరి వ్యాపారస్తులు మాత్రం కళ్ళముందు నిలబడ్డ ఇంటినే నమ్మి అదే పద్ధతిలో కొట్లు కట్టుకున్నారు. డబ్బు ఎక్కడిది అంటే షింగాషి నది, పడవల మీద ఎదోకి, అంటే ఇప్పటి టోక్యోకి ధాన్యం, చిలగడదుంపలు, బట్టలు పంపి సంపాదించింది.

ఒక కొట్టు మేడ మీది కిటికీ తలుపులు చూపించారు గైడ్ గారు. తలుపు అంచు నున్నగా ఉండదు, మెట్లు మెట్లుగా ఉంటుంది, చట్రం అంచు కూడా దానికి తగ్గట్టు మెట్లు మెట్లుగానే, మూస్తే ఒకదానిలో ఒకటి కూర్చుంటాయి. మంటలు వస్తున్నాయంటే తలుపులు మూసేసి, ఇంకా సందు మిగిలితే దానికోసమే నానబెట్టి ఉంచిన మట్టి తెచ్చి మెత్తేవారట, లోపలికి నిప్పు కాదుకదా గాలి కూడా పోకుండా. పాప ఇదంతా నాన్నగారికి చెప్తోంది, తడుముకుంటోంది, చేతులు రెండూ కలిపి మెట్లు ఎలా కూర్చుంటాయో చేసి చూపిస్తోంది. నాన్నగారు ఆ చేతుల్నే చూస్తున్నారు.

తర్వాత ఆయన అడిగారు, ఈ నల్ల పూత ఏంటి, సున్నమేనా అని. సున్నమే, నలుపు కోసం మసి కలుపుతారు, పట్టు కోసం జనపనార లాంటి పీచు, ఇంకా సముద్రపు నాచు ఉడికించిన జిగురు వేస్తారు అని జవాబు. నాచు అనగానే నాన్నగారికి హుషారొచ్చేసింది. "అమ్మా, ఆయనతో చెప్పు, మన దగ్గర గానుగ సున్నంలో బెల్లం నీళ్ళు, కరక్కాయ నీళ్ళు పోసేవారు, గోడ రాయిలా అయ్యేది అని చెప్పు" అన్నారు. పాపకి కరక్కాయ తెలీదు, ఫోన్‌లో బొమ్మ వెతికి గైడ్ గారికి చూపించింది. బెల్లం సంగతికి మాత్రం ఆయన "గోడకి బెల్లమా, చీమలు రావా" అని నిజంగానే ఆశ్చర్యపోయి అడిగారు. నాన్నగారు నవ్వి, సున్నం ఘాటుకి చీమలేం వస్తాయమ్మా అన్నారు. పదిహేను నిమిషాలు ఆ ఒక్క గోడ ముందే నిలబడ్డాం. వెనక జనం తోసుకుంటూ వెళ్తున్నారు, వీళ్ళ ముగ్గురికీ పట్టలేదు, నాకు మాత్రం వచ్చిన పని అయిపోయిందనిపించింది అక్కడే.

నాన్నగారికి ఇంకో అలవాటు, ఏ సంవత్సరం చెప్పినా దాని పక్కన మన ఊరి సంవత్సరం పెడతారు. ఈ కొట్లు 1893 తర్వాతవి అనగానే "అయితే మన హేవలాక్ వంతెనా ఇవీ ఒక ఈడువే, వంతెన 1900లో తెరిచారు" అన్నారు. కవాగోయె కోటలో మిగిలిన మహలు 1848లో కట్టింది అని బోర్డు మీద పాప చదివి చెప్తే, "అదే ఏడు కందుకూరి వీరేశలింగం గారు పుట్టారు, ధవళేశ్వరంలో కాటన్ దొర ఆనకట్ట పని మొదలుపెట్టి అప్పటికి ఏడాది" అని. ఇన్నాళ్ళూ పాప బుర్రలో జపాన్ చరిత్ర ఒక గదిలో ఉంది, తాతయ్య ఊరు ఇంకో గదిలో, అదీ ఖాళీగా. ఈ రెండూ ఒకే కాలంలో జరిగాయన్న సంగతి దానికి ఎవరు చెప్తారు, స్కూల్లో చెప్పరు, నాకా తట్టదు.

గైడ్ గారు గట్టిగా చెప్పిన మాట ఇంకొకటుంది. ఈ వీధి దానంతటది మిగల్లేదు. రైళ్ళు వచ్చాక పడవల వ్యాపారం పోయింది, బజారు స్టేషన్ వైపు జరిగిపోయింది, పాత కొట్లు వెలవెలబోయాయి, కొన్ని కూల్చేశారు కూడా. అప్పుడు ఊరివాళ్ళే కూడి 1983లో ఒక సంఘం పెట్టుకుని, కొట్టు బాగుపడితేనే వీధి బాగుపడుతుందని పట్టుబట్టి పనిచేశారు, కరెంటు తీగలన్నీ భూమిలోకి దించారు, 1999లో దేశం మొత్తానికి ముఖ్యమైన పాత వీధుల్లో ఒకటిగా ప్రభుత్వ రక్షణ దొరికింది. తీగలు అడ్డంగా ఉన్న ఫోటో, ఇప్పటి ఆకాశం పక్కపక్కనే చూపిస్తుంటే ఆ ముసలాయన మొహంలో గర్వం చూడాలి. ఊరంటే అలా ఇష్టపడాలి అనిపించింది నాకు.

గంట స్తంభం దగ్గరికి మూడింటికి చేరేలా చూసుకున్నారాయన. మూడంతస్తుల చెక్క స్తంభం, పదహారు మీటర్లు, 1893లో కాలిపోతే మరుసటి ఏడే మళ్ళీ కట్టుకున్నారు, ఇళ్ళు ఇంకా లేవలేదు గానీ ముందు గంట లేపారు. రోజుకి నాలుగుసార్లు మోగుతుంది, పొద్దున ఆరు, మధ్యాహ్నం పన్నెండు, మూడు, సాయంత్రం ఆరు. స్తంభం కింద నుంచి లోపలికి వెళ్తే చిన్న గుడి, కంటి జబ్బులకి మంచిదని నమ్మకం. అది వినగానే మా అమ్మ, ఈమధ్యే శుక్లాల ఆపరేషన్ అయిన మనిషి, చెప్పులు ఎక్కడ విప్పాలి అని చూసుకుంటోంది. బాబు ముందుకొచ్చి "చెప్పులు ఉంచుకోవచ్చు అమ్మమ్మా, రెండుసార్లు వంగు, రెండు చప్పట్లు, దణ్ణం పెట్టు, మళ్ళీ ఒకసారి వంగు" అని పక్కన నిలబడి చేయించాడు. అమ్మ అంతా వాడు చెప్పినట్టే చేసి చివర్లో మన పద్ధతిలో లెంపలు కూడా వేసుకుంది, వాడు అది చూసి వాడూ వేసుకున్నాడు.

మిఠాయి కొట్ల సందు గురించి తొందరగా చెప్పేస్తా, పిల్లలున్నవాళ్ళు ఎలాగూ వదలరు. 1923 భూకంపంలో టోక్యో మిఠాయి తయారీదార్లు దెబ్బతింటే ఆ సరుకంతా ఇక్కడ్నుంచే వెళ్ళి సందు బాగా పెరిగింది. శాకాహారులకి దుంప అప్పడాలు, దుంప స్వీట్లు ఉన్నాయి, కొనేముందు జెలటిన్, చేప రసం ఉన్నాయేమో అడగండి. ఒక కొట్లో నల్లబెల్లం పూసిన పొడుగాటి ఫుగాషి, గోధుమ జిగురుతో చేసే గుల్ల మిఠాయి, అమ్ముతారు, దాదాపు మీటరు, బాబు దాన్ని చెరుకుగడలా భుజాన వేసుకుని నడిచాడు.

అక్కడో చిన్న విషయం. అమ్మ దుంప అప్పడం తింటూ నడుస్తుంటే బాబు "అమ్మమ్మా, నడుస్తూ తినకూడదు!" అని గట్టిగా అనేశాడు, పక్కవాళ్ళు చూశారు. వాడు చెప్పింది ఇక్కడి పద్ధతే, తప్పు లేదు, కానీ అమ్మమ్మతో అలా కాదు కదా. పక్కకి పిలిచి "అమ్మమ్మా, ఇక్కడ నిలబడి తిందాం రా అనొచ్చు కదా నాన్నా" అన్నాను. ఇలాంటివి అక్కడికక్కడే చెప్పాలని నా ఉద్దేశం. ఇక్కడి రూలు నేర్చుకోవాలి, దాన్ని పెద్దవాళ్ళకి చెప్పే తీరు మాత్రం మన ఇంటిది ఉండాలి, ఈ రెండూ ఒకే నోట్లో ఇముడుతాయి, ఇమడవని ముందే అనేసుకోకూడదు.

టూర్ అక్కడితో అయిపోయింది. గైడ్ గారికి దణ్ణాలు పెట్టి, మేమే నడుచుకుంటూ కితాయిన్ గుడికి వెళ్ళాం. అక్కడ మా పాప గైడ్ అయిపోయింది! చేతులు వెనక్కి కట్టుకుని, అచ్చం ఆయనలాగే ఆగి ఆగి, బోర్డు చదివి తెలుగులో చెప్పడం మొదలుపెట్టింది. మూడో షోగన్, అంటే అప్పట్లో జపాన్‌ని ఏలిన సైనిక పాలకుడు, ఇఎమిత్సు గురించి స్కూల్లో చదువుకుంటోంది, ఆయన పుట్టిన గది ఇక్కడుంది. 1638లో గుడి కాలిపోతే ఆయనే ఎదో కోటలోంచి కొన్ని గదులు విప్పించి ఇక్కడికి పంపించాడు, తర్వాత కోటలో మిగతావి పోయాయి, ఇవి మిగిలాయి. కట్టడం విప్పి వేరేచోట పెట్టడమా అని నాన్నగారు అందుకుని నాగార్జున కొండ సంగతి చెప్పారు, అక్కడి పాత బౌద్ధ కట్టడాలు డ్యామ్ నీళ్ళలో మునిగిపోతాయని తవ్వి తీసి కొండ మీద మళ్ళీ పేర్చారు, ఇప్పుడది చుట్టూ నీళ్ళు, పడవలో వెళ్ళాలి అని. బౌద్ధ ఆచార్యుడు నాగార్జునుడి పేరు ఈ గుడి సంప్రదాయంలో కూడా పెద్ద పేరే, ఇది తెందాయ్ అనే బౌద్ధ శాఖ గుడి, వాళ్ళు తమ గురుపరంపరలో ఆయన్ని మొదట్లోనే చెప్పుకుంటారు. పాప "అయితే నెక్స్ట్ అక్కడికి వెళ్దాం" అంది, దానంతటది.

అదే గుడిలో బుద్ధుడి శిష్యుల రాతి విగ్రహాలు 538 ఉన్నాయి, ఒక మొహంలా ఇంకోటి ఉండదు, నవ్వేవాళ్ళు, ఏడ్చేవాళ్ళు, చెవిలో గుసగుసలాడేవాళ్ళు. రాత్రిపూట వచ్చి ఒక్కో తల తడిమితే ఒకటి మాత్రం వెచ్చగా తగులుతుందట, తెల్లారి చూస్తే అది పోయిన మన అమ్మ మొహమో నాన్న మొహమో అయి ఉంటుందట. నాన్నగారు వెంటనే "మా అమ్మ ఎక్కడుందో చూడాలి" అన్నారు. బాబు సీరియస్‌గా "తాతమ్మ ఎలా ఉండేది?" అని అడిగాడు. ముక్కు ఎలా ఉండేది, నవ్వితే ఎలా ఉండేది, గోదావరి వరదకి ఇంట్లోకి నీళ్ళొస్తే బియ్యం బస్తా ఎలా అటక ఎక్కించింది, అన్నీ చెప్తూ ఆయనా, వెతుకుతూ వాడూ ఆ విగ్రహాల మధ్య తిరుగుతూనే ఉన్నారు. వీడియో కాల్‌లో ఇవి ఎప్పుడైనా వచ్చాయా?

ఇక్కడి స్కూళ్ళలో రెండో క్లాసు పిల్లల్ని టీచర్లు వీధుల్లోకి తీసుకెళ్తారు, మచి తాంకెన్ అంటారు, టోఫు కొట్టు, ఫైర్ స్టేషన్, పోస్టాఫీసు తిప్పి అక్కడివాళ్ళని ప్రశ్నలు అడిగిస్తారు. అందుకే మా పిల్లలకి నిషికసాయ్ కాళ్ళతో తెలుసు. మరి సెలవలకి మనూరు వెళ్తే? ఏసీ కారులో ఒక పిన్ని ఇంటి నుంచి ఇంకో బాబాయి ఇంటికి, మధ్యలో బట్టల షాపు. పిల్లలకి మన ఊరంటే సోఫాలూ, టిఫిన్లూ, "ఎంత ఎదిగిపోయావే" అనే మాటా. తర్వాత మనమే అంటాం, వీళ్ళకి మన ఊరి మీద ప్రేమ లేదని. ఎవరైనా చెయ్యి పట్టుకుని ఆ ఊరి వీధులు చూపిస్తే కదా ప్రేమ కలిగేది. కవాగోయె గైడ్ గారు మా పిల్లలకి ఏమీ కారు, అయినా గంటన్నరలో ఆయన ఊరు వాళ్ళదైపోయింది.

వచ్చే సెలవలకి రాజమండ్రి టూర్ నాన్నగారిదే. ఆరింటికే బయల్దేరాలి, ఎండెక్కకముందే అయిపోవాలి. వీరేశలింగం గారి ఇల్లు, ఆయన కట్టించిన టౌన్ హాలు, 1881లో మొదటి వితంతు వివాహం చేయించిన కథ అక్కడే చెప్తారట, తర్వాత గౌతమీ గ్రంథాలయం, పుష్కరాల రేవు నుంచి హేవలాక్ వంతెన, ఆటోలో ధవళేశ్వరం. పాప ఒక షరతు పెట్టింది, గైడ్ గారి దగ్గరున్నట్టు ఫోల్డర్ ఉండాలి, ప్రతి చోటుకీ ఒక పాత ఫోటో ఉండాలి అని. వంతెన మీద రైలు నడిచిన రోజుల ఫోటో కోసం నాన్నగారు ఇప్పుడు పాత ఆఫీసు స్నేహితులందరికీ ఫోన్లు చేస్తున్నారు, 1997లో రైళ్ళు ఆపేశారు కాబట్టి ఎవరో ఒకరి ఆల్బమ్‌లో ఉండే ఉంటుంది అంటున్నారు. మీలో ఎవరి దగ్గరైనా ఉంటే చెప్పండి.