బాబు చేతులు ఎందుకు ఆగాలి?

పిన్ని కూతురి బాబుకు పుట్టుకతోనే వినికిడి లేదని పరీక్షల్లో తేలింది. ఈ రోజు ఉదయం పిన్ని సందేశం పంపింది: “చెల్లికి నువ్వైనా ధైర్యం చెప్పు. ఆపరేషను చేసి, వినిపించేలా చేసే కాక్లియర్ ఇంప్లాంట్ అనే యంత్రం పెట్టిస్తే మామూలు పిల్లాడు అవుతాడట. అందాకా వాడితో సైగలు చేయొద్దని డాక్టరుగారు గట్టిగా చెప్పారు.”

నేనూ పుట్టు బధిరురాలినే. నాకే ఆ మాట రాయడానికి పిన్నికి చేయెలా ఆడిందో! ఆమెకు నా మీద ఉన్న ప్రేమను మాత్రం శంకించను.

పగలంతా పనిలో గడిచింది. మనసు మాత్రం ఆ చివరి వాక్యం దగ్గరే ఉంది. చేతులు కదిపితే మందలించే బడిలో చదివాను నేను. ప, బ, మ మూడింటికీ పెదవులు ఒకేలా మూసుకుంటాయి. వాటిని చూసి పాఠం ఊహించుకోవాలి. సగం బాల్యం ఆ ఊహలకే సరిపోయింది. ఈ పట్టుదల నిన్నటిది కాదు. 1880లో మిలాన్‌లో బధిర విద్య మహాసభ సైగలను తోసిపుచ్చి, నోటి మాటతోనే బోధించాలని తీర్మానించింది. ఓటు వేసినవారిలో దాదాపు అందరూ వినికిడి ఉన్నవారే. ఆ తీర్మానాలను అదే మహాసభ వాంకూవర్‌లో తిరస్కరించేసరికి 2010 వచ్చింది. ఈలోగా ఎన్ని తరాల పిల్లలు మాట కోసం తడుముకున్నారో!

సాయంత్రం చెల్లికి తీరిగ్గా రాశాను. ఆపరేషను వద్దనలేదు. పసితనంలోనే చేయిస్తే ఎందరో పిల్లలకు మాటలు వస్తున్నాయి. కానీ లోపలి చెవిలోకి తీగ పంపినంత మాత్రాన పని పూర్తికాదు. ఆ విద్యుత్ సంకేతాలను శబ్దాలుగా గుర్తించడం మెదడు నేర్చుకోవాలి, దానికి నెలలూ ఏళ్లూ శిక్షణ కావాలి. ఫలితం అందరికీ ఒకేలా ఉండదు. యంత్రంలో బయట తగిలించుకునే భాగం తీసి పక్కన పెట్టిన ప్రతిసారీ బాబు బధిరుడే. ఆపరేషను అయ్యేదాకా, ఆ శిక్షణ ఫలించేదాకా వాడికి భాష లేకుండా ఎలా ఉంచుతారు? సైగలు నేర్పితే మాటలు రావన్న భయానికి గట్టి ఆధారం లేదు. సైగల మధ్య పెరిగే పసివాళ్లు వేళ్లతోనే ముద్దుమాటలు మొదలుపెడతారు. డాక్టరుగారు చెవి గురించి చెప్పనీ, వింటాను. కానీ నేను ఆలోచించే భాషను రోగలక్షణంలా చూస్తే ఒప్పుకోను.

చాలాసేపటికి జవాబు వచ్చింది: “అక్కా, వాడికి పాలు కావాలో, నిద్ర వస్తోందో అడగాలంటే ఎలా?”

రెండు సైగలూ వీడియో తీసి పంపాను. ఆదివారం వస్తానని, మరిదిగారిని కూడా ఇంట్లో ఉండమని చెప్పాను.