అసెటో కోర్సాలో ఆటో: మూడు చక్రాల మీద నిలబడింది

అసెటో కోర్సా కార్ రేసింగ్ గేమ్, అందులోకి మన ఆటోని తెస్తున్నా. ఈ గేమ్ ఫిజిక్స్‌కి నాలుగు చక్రాలే తెలుసు. ఆటోకేమో మూడు. ఈ మధ్య పనంతా ఆ తకరారు తీర్చడానికే సరిపోయింది.

మోడ్‌లు (గేమ్‌కి మనం సొంతంగా చేసి కలిపే బండ్లు లాంటివి) చేసేవాళ్లు వాడే ఉపాయమే నేనూ వాడా. సస్పెన్షన్ ఫైల్లో వెనక ట్రాక్ (ఎడమ, కుడి చక్రాల మధ్య దూరం) 1.15 మీటర్లు ఉంచి, ముందుది 0.08కి దించేశా. ముందు చక్రాలు రెండూ ఆనుకుని ఒకటే అయిపోతాయి. మలుపుల్లో బండి ఒరగకుండా ఆపే యాంటీ రోల్ బార్లు రెండూ సున్నా. బ్లెండర్ అనే 3డీ సాఫ్ట్‌వేర్‌లో ముందు కుడి చక్రం నోడ్ (చక్రం బొమ్మ తగిలించే చోటు) ఖాళీగా వదిలి, ఎడమ నోడ్‌లో ఉన్న చక్రాన్ని నాలుగు సెంటీమీటర్లు జరిపితే సరిగ్గా మధ్యకొచ్చింది.

వీల్‌బేస్, అంటే ముందు వెనక చక్రాల మధ్య దూరం, 2 మీటర్లు. డ్రైవర్‌తో కలిపి బరువు 430 కిలోలు (ఈ గేమ్‌లో మొత్తం బరువంటే డ్రైవర్ ఉండి పెట్రోల్ లేనిది). టైరు 4.00-8 కాబట్టి వ్యాసార్ధం 0.2. టార్క్ (ఇంజిన్ తిప్పే బలం) 3500 ఆర్‌పీఎం దగ్గర 16 న్యూటన్ మీటర్లు, గేర్లు నాలుగు.

అసలు తంటా టైర్లతో. బేస్‌గా తీసుకున్న కారు టైర్ల గ్రిప్ అలాగే ఉంటే ప్రతి మలుపులోనూ బోల్తా. గ్రావిటీ సెంటర్ అర మీటరు ఎత్తులో ఉంది, ముందు ఆనడానికి ఒకటే చక్రం. లెక్క వేస్తే మలుపులో పక్కకి లాగే బలం 0.7 జీ (బండి బరువులో 0.7 వంతు) దాటగానే లోపలి వెనక చక్రం లేస్తుంది. టైర్ ఫైల్లో పక్కవాటు గ్రిప్‌ని అంతకంటే కొంచెం తక్కువకి దించా. ఇప్పుడు పడిపోకుండా జారుతోంది. ఆటోకి 700 హార్స్‌పవర్ ఇంజిన్ తగిలించే మోడ్‌లు ఐదు నిమిషాలు నవ్విస్తాయి, అంతే. ఆటో ఆటోలాగే కష్టపడుతుంటే చూడాలి అసలు కామెడీ!

టెస్ట్‌కి జర్మనీలోని నార్డ్‌ష్లైఫ్ రేస్ ట్రాక్, 20.8 కిలోమీటర్లు. చదును రోడ్డు మీద గంటకి 65 కిలోమీటర్ల దాకా వెళ్లింది. బెర్గ్‌వెర్క్ మలుపు తర్వాత ఎత్తులో నాలుగో గేరు దండగ, మూడులో 40 దగ్గరే మూలుగుతూ ఎక్కింది. వెనకాల జీటీ3 రేసు కార్లు లైట్లు కొడుతుంటే టెన్షనే. కరుసెల్ అనే మలుపులో మాత్రం కాంక్రీట్ వాలు కాపాడింది, చక్రం లేవలేదు.

ఇక షేర్ ఆటో వెర్షన్. ఫోల్డర్ కాపీ చేసి వెనక జనం బరువు 350 కిలోలు కలపాలి, మొత్తం బరువులో ముందు చక్రం వాటా 0.35 నుంచి 0.28కి తగ్గించాలి. ముందు చక్రం వాటా తగ్గితే హ్యాండిల్ ఎంత మాట వింటుందో చూడాలి. సౌండ్ ఇంకా కారుదే ఉంది, అది ఎఫ్‌మాడ్ అనే సౌండ్ సాఫ్ట్‌వేర్‌లో మార్చాలి.