తాతగారి లెక్కల నోటుబుక్కు

మా తాతగారు ఇంట్లో మాట్లాడింది తెలుగు, బడిలో చదువుకున్నది ఉర్దూ, ఉపాధ్యాయుడిగా ఎక్కువ కాలం పాఠం చెప్పింది మళ్ళీ తెలుగులో. ఆ మార్పులో ఆయన పడ్డ శ్రమకు గుర్తుగా అట్ట ఊడిన నోటుబుక్కు ఒకటి మా బీరువాలో ఉంది.

నిజాం కాలంలో హైదరాబాదు సర్కారు బడుల్లో పై తరగతుల చదువు ఉర్దూలో సాగేది. 1918లో మొదలైన ఉస్మానియా విశ్వవిద్యాలయానిదీ అదే బోధనా భాష కావడంతో, గణితానికీ విజ్ఞాన శాస్త్రాలకూ కావలసిన పదాలను అనువాద విభాగం ఉర్దూలో సిద్ధం చేసింది. వారపు సెలవు శుక్రవారం. నిజాం నాణెమైన హాలీ రూపాయలు ఏడింటికి, బ్రిటిషు ఇండియా నాణెమైన కల్దారు రూపాయలు ఆరు చొప్పున మార్చే లెక్కలు తాము విసుగు లేకుండా చేసేవాళ్ళమని తాతగారు చెప్పేవారు.

ఆయన సుల్తాన్ బజారు దగ్గరి ఒక బడిలో లెక్కల మాస్టరుగా చేరిన కొద్దికాలానికే, 1948 సెప్టెంబరులో, సంస్థానం భారతదేశంలో కలిసింది. ఆ తరువాతి సంవత్సరాల్లో తెలుగు పిల్లలకు తెలుగులోనే చెప్పాలన్నారు. మాతృభాషే కదా, కష్టమేముందని ఇప్పుడు మనకు అనిపించవచ్చు. కానీ రేఖాగణితం మొత్తం ఉర్దూలో నేర్చుకున్న మనిషికి ముసల్లస్ తెలుసు, త్రిభుజం తెలియదు. సాయంత్రం బడి వదలగానే, 1901లో మొదలై ఆ పేటలోనే ఉన్న శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషా నిలయం అనే గ్రంథాలయానికి వెళ్ళి, తెలుగు పుస్తకాలు ముందేసుకొని, మాట తరువాత మాట ఎక్కించుకునేవారు.

నోటుబుక్కులో ప్రతి పుట నడుమ నిలువు గీత ఉంది. కుడి అంచు నుంచి ఉర్దూ, ఎడమ అంచు నుంచి తెలుగు బయలుదేరి ఆ గీత దగ్గర కలుసుకుంటాయి: దాయిరా, వృత్తం, జర్బ్, గుణకారం, తక్సీమ్, భాగహారం. అన్నీ నీలి సిరాతో ఉన్నాయి. 'వ్యాసార్ధం' ఒక్కటే ఎర్ర సిరాతో ఉంది. ఒకరోజు పాఠం మధ్యలో "నిస్ఫ్ ఖుతర్" అని, తెలుగు మాట తోచక ఆగిపోతే, ముందు బెంచీలోని పిల్లవాడు లేచి "వ్యాసార్ధం, సార్" అన్నాడట. నేర్పినవాడు వేరు గనుక సిరా కూడా వేరుగా ఉండాలని తాతగారి పట్టింపు.

రాజ్యం మారిన చరిత్రను మనం చాలా రాసుకున్నాం. రేపటి పాఠానికి ఈ రాత్రి తన భాషను తానే నేర్చుకున్న ఆ ఉపాధ్యాయుల గురించి రాసుకున్నది తక్కువ, అది నాకు బాధగా ఉంటుంది.

నాకు పదో తరగతి లెక్కలు చెప్పినప్పుడు ఆయనకు ఎనభై దాటాయి. వివరణంతా చక్కని తెలుగులో సాగేది. గుణించాల్సిన చోటికి వచ్చేసరికి మాత్రం గొంతు తగ్గించి, "సాత్ సత్తే ఉన్చాస్" అనుకొని, జవాబు తెలుగులో చెప్పేవారు.