ఇప్పుడు ఊదడం లేదు కదండీ

“మేళం వాళ్ళే కదా, కాస్త పుచ్చుకోకుండా ఉంటారా!”

ఆ మాట అన్న డాక్టరు నా ముఖం చూడలేదు. స్కానింగు రిపోర్టు చూస్తూ పక్కనున్న కాంపౌండరుతో అన్నాడు. కాలేయం పెద్దదైంది, పొట్టలో నీరు చేరింది, మనిషి సన్నాయి వాయిస్తాడు. ఆయనకు లెక్క సరిపోయింది. నలభై ఏడేళ్ళ వయసులో కల్లు కూడా రుచి చూడలేదని చెప్పాను. “అందరూ అలాగే అంటారు” అని చీటీ చేతిలో పెట్టాడు. చీటీలో మందుల కంటే ముందు ‘మద్యం మానాలి’ అని రాసి, కింద రెండు గీతలు గీశాడు. ఆ చీటీ ఇంకా నా దగ్గరే ఉంది. చింపబుద్ధి కాలేదు.

మాది విజయనగరం. మా ఇంట్లో సన్నాయి నాలుగు తరాల నాటిది. సన్నాయికి నోట్లో పెట్టుకునే ముక్కను మేము పీక అంటాం. గొంతునూ పీక అనే అంటాం. ఆ రెండూ ఆరోగ్యంగా ఉంటేనే మా ఇంట్లో పొయ్యి వెలుగుతుంది.

2022 సిరిమానోత్సవం నాడు మొదటిసారి భయం వేసింది. మూడు లాంతర్ల దగ్గర పైడితల్లి అమ్మవారి గుడి నుంచి కోట దాకా సిరిమాను, అంటే కొసన పూజారి కూర్చునే పొడవాటి మాను, మూడుసార్లు తిరుగుతుంది. రెండోసారి తిరిగేసరికే నాకు ఊపిరి అందలేదు. పై షడ్జమం పట్టుకుని నిలబడలేక మధ్యలో వదిలేశాను. డోలు వాయించే మా చిన్నాన్న కొడుకు తలతిప్పి చూశాడు. ఇంటికి వచ్చి చెప్పులు విడిస్తే పట్టీలు ఆనిన చోట పాదాలు గాడిపడి ఉన్నాయి. వేలితో నొక్కితే గుంట పడి, చాలాసేపు అలాగే ఉండిపోయింది.

అక్కడి నుంచి నాలుగు నెలలు కాలేయం మందులే. రెండుసార్లు పొట్టలో నీరు తీశారు, వారంలో మళ్ళీ నిండింది. పెళ్ళిళ్ళ సీజను పోయింది, మేళంలో నా చోటికి వేరే మనిషి వచ్చాడు. మా బావమరిది పరామర్శకు వచ్చి, నేను పెరట్లోకి వెళ్ళినప్పుడు మంచం కింద సీసా కోసం వెతికాడు. అతని మీద నాకు పెద్ద కోపం లేదు. ఒకరోజు సాయంత్రం నా భార్య, నేను నీళ్ళు తాగి పెట్టిన గ్లాసు తీసి ముక్కు దగ్గర పెట్టుకుంది. నేను చూశానని ఆమెకు తెలియదు, ఇది చదివితే తెలుస్తుంది. ఇరవై మూడేళ్ళు కాపురం చేసిన మనిషి చేత కూడా గ్లాసు వాసన చూపించిన ఆ డాక్టరును నేను క్షమించలేదు.

ఫిబ్రవరిలో మూడోసారి నీరు తీయడానికి ప్రభుత్వ ఆసుపత్రిలో చేర్చారు. ఆ రాత్రి నా జీవితంలో అన్నిటికంటే పొడవైన రాత్రి. పడుకుంటే ఎవరో ఛాతీ మీద కూర్చున్నట్టు ఉంది. కూర్చుంటే తల వాలిపోతోంది. నా భార్య మంచం ఎక్కి, నా వీపుకు తన వీపు ఆనించి, ఎదురుగా ఉన్న గోడకు కాళ్ళు తన్నిపెట్టి కూర్చుంది. ఆమె పైడితల్లిని పిలుస్తూ ఉంటే ఆ మాటలు నా వెన్నులోంచి వినిపించాయి. పక్క మంచం మీద ముసలాయన అంతకు గంట ముందే పోయాడు. ఆయన చెంబు కిటికీలో ఇంకా అలాగే ఉంది. నేను ఆ చెంబు వంకే చూస్తూ ఊపిరి లెక్కపెట్టుకున్నాను. మా అబ్బాయికి పంతువరాళి రాగం పూర్తిగా చెప్పలేదే అన్న ఒక్క ఆలోచనే తిరిగి తిరిగి వచ్చింది.

రెండు గంటల వేళ హౌస్ సర్జన్ అమ్మాయి వచ్చింది. ఇరవై మూడు, ఇరవై నాలుగేళ్ళు ఉంటాయేమో. నాడి చూసింది, ఛాతీ విన్నది. వెళ్ళబోతూ ఆగి నా మెడ వంక చూసింది. “మెడ ఎప్పటి నుంచి ఇలా ఉంది?” అని అడిగింది.

“సన్నాయి ఊదేవారమ్మా. వాళ్ళకు మెడ నరాలు ఉబ్బడం మామూలే కదా” అంది నా భార్య.

“ఇప్పుడు ఊదడం లేదు కదండీ.”

నాలుగు నెలలుగా ఇంతమంది చూశారు. ఇంతమందిలో ఎవరికీ తోచని మాట అది.

ఆ అమ్మాయి ఫోను లైటు వెలిగించి, మెడ మీదికి నేరుగా కాకుండా పక్క నుంచి వేసింది. అలా వేస్తే కదలిక నీడలో తెలుస్తుందట. తల కాస్త ఎడమకు తిప్పమంది. ఊపిరి మెల్లగా లోపలికి పీల్చమంది, మళ్ళీ పీల్చమంది. సిస్టరు దగ్గర స్కేలు అడిగి తెచ్చి, గొంతు గుంటకు కాస్త కింద ఎముక మీద తగిలే గట్టు నుంచి కొలవబోయింది. నేను నిటారుగా కూర్చుని ఉన్నా సిర చెవి తమ్మె దాకా నిండి ఉంది. కొలవడానికి పైన కొస దొరకలేదు. “ఇది కాలేయం జబ్బులా లేదు, గుండె చూడాలి” అని అర్ధరాత్రే పెద్ద డాక్టరుకు ఫోను చేసింది. అవతల ఆయన విసుక్కోవడం నాకూ వినిపించింది. ఆమె ఫోను పెట్టేయలేదు.

మర్నాడు కేసు షీటు వెనుక బొమ్మ గీసి చెప్పింది. మనం మెడ నరం అంటాం గానీ అది నరం కాదు, సిర. చెడు రక్తాన్ని గుండెకు తిరిగి చేర్చే గొట్టం. దాన్ని జుగులర్ సిర అంటారు. మెడకు రెండు వైపులా రెండేసి పెద్దవి ఉంటాయి. పైకి కనిపించేది బయటి సిర. మెడ కండరం కింద, మెదడుకు రక్తం తీసుకువెళ్ళే ధమనికి పక్కనే లోపలి సిర ఉంటుంది. అది పుర్రె అడుగున ఉన్న రంధ్రంలోంచి మొదలై, మెదడు వాడిన రక్తాన్ని కిందికి దించుతుంది. కాలరు ఎముక వెనుక చేతి నుంచి వచ్చే సిరతో కలిసి, అక్కడి నుంచి గుండె కుడి పై గదికి చేరుతుంది. కుడివైపు ఈ దారి దాదాపు నిలువుగా ఉంటుంది. అందుకే కుడి మెడలో రక్తం ఎంత ఎత్తున నిలిచిందో చూస్తే గుండె కుడి గదిలో ఒత్తిడి ఎంతో తెలుస్తుంది. ఇంట్లో కుళాయికి నీళ్ళు ఎక్కుతున్నాయో లేదో చూస్తే ట్యాంకు సంగతి తెలిసినట్టే.

మామూలు మనిషి కూర్చుంటే ఆ సిర చప్పబడిపోతుంది. పడుకుంటే నిండుతుంది, అది జబ్బు కాదు. సన్నాయి ఊదేటప్పుడు ఛాతీలో ఒత్తిడి పెరిగి, రక్తం లోపలికి దిగలేక మెడలో ఆగుతుంది. ఊదడం ఆపితే దిగిపోతుంది. ఊపిరి పీల్చినప్పుడు ఇంకా కిందికి జారాలి. నాకు పీల్చినప్పుడల్లా పైకి లేస్తోంది. దీన్ని 1873లోనే అడాల్ఫ్ కుస్మాల్ అనే జర్మన్ వైద్యుడు రాసి పెట్టాడట. మందుల వల్ల వచ్చే కాలేయం జబ్బయినా, తాగుడు వల్ల వచ్చేదయినా సాధారణంగా మెడ సిర ఇలా ఉబ్బదట. చూడడానికి యంత్రం అక్కర్లేదు. వెలుతురు, రెండు నిమిషాలు ఓపిక చాలు. ఆ రెండు నిమిషాలు నాకు ఎవరూ ఇవ్వలేదు. నా వృత్తి తెలియగానే చూడడం మానేశారు.

విశాఖలో ఎకో (గుండె స్కానింగు), సీటీ స్కాన్ అయ్యాయి. గుండె చుట్టూ ఉండే పొర మామూలుగా 2 మిల్లీమీటర్లు మించదు. నాది 7 ఉంది, అక్కడక్కడ సున్నం కట్టింది. 2019లో నెలల తరబడి సాయంత్రం జ్వరం వచ్చి తగ్గింది. అది క్షయ అని అప్పుడు ఎవరూ పట్టుకోలేదు. పొర మచ్చకట్టి, కొబ్బరి చిప్పలా బిగుసుకుని, గుండెను విచ్చుకోనివ్వలేదు. లోపలికి చోటు లేక రక్తం కాలేయంలో, కాళ్ళలో, మెడలో నిలిచిపోయింది.

మార్చిలో ఆరోగ్యశ్రీ కార్డు మీద ఆపరేషను చేసి ఆ పొర వలిచేశారు. తీసిన ముక్కలో క్షయ ఉందని పరీక్షలో తేలింది, ఆరు నెలలు మాత్రలు వాడాను. ఆపరేషనుకు ముందే కుడి మెడ సిరలోకి ఒక గొట్టం వేశారట, మందులన్నీ అందులోంచే. గొట్టం తీసే రోజు సిస్టరు మంచం తలవైపు దించి, “ఊపిరి బిగపట్టండి, నేను చెప్పేదాకా వదలవద్దు” అంది. ఆ సమయంలో ఊపిరి పీలిస్తే సిరలోకి గాలి చొరబడవచ్చట, ప్రాణం మీదికి వస్తుందట. నేను బిగపట్టాను. ఆమె గొట్టం తీసి, దూదితో నొక్కి, “చాలు, వదలండి” అంది. నేను మరికొంతసేపు పట్టే ఉన్నాను. ఆ ఊపిరి నాదని నమ్మకం కుదిరేదాకా వదలబుద్ధి కాలేదు.

కాళ్ళ వాపు, పొట్టలో నీరు ఉన్నవారు మీ ఇంట్లో ఉంటే, డాక్టరు ఎంత తొందరలో ఉన్నా మెడ కూడా చూడమని అడగండి. పాత జ్వరాల సంగతి చెప్పండి. మీరే మెడ నొక్కి పరీక్షలు చేయకండి, పక్కనే ధమని ఉంది. తాగుతావా అని అడిగితే తప్పు లేదు, అడగాలి కూడా. జవాబు చెప్పాక నమ్మమనండి.

ఆ అమ్మాయి చదువు ముగించుకుని వెళ్ళిపోయింది. వెళ్ళేముందు మా ఇంటికి వచ్చి అన్నం తిన్నది. అమ్మవారే ఆ రాత్రి ఆమెను పంపిందని నా భార్య నమ్మకం. కావచ్చు. కానీ ఆగి చూసింది మాత్రం ఆ పిల్లే. ఆ ఘనత ఆమెదే.

కార్తీకమాసంలో మళ్ళీ సన్నాయి పట్టడానికి అనుమతి దొరికింది. మొదటి రోజు తెల్లవారుజామున పీక తడిపి, బిగించి, పంతువరాళి ఆలాపన మొదలుపెట్టాను. మా అబ్బాయి శ్రుతి పట్టాడు. పై షడ్జమం మీద నిలబడ్డాను. నా భార్య వంటింటి గుమ్మంలో నిలబడి ఉంది. రాగం ఆమె వినడం లేదని తెలుస్తూనే ఉంది. సన్నాయి దించగానే దగ్గరికి వచ్చి, నా గడ్డం పట్టుకుని, తల ఎడమకు తిప్పింది.

“దిగింది” అంది. అని కాఫీ కలపడానికి లోపలికి వెళ్ళింది.