లెక్కలో పోయిన 11 నెలలు

"పద్నాలుగేళ్ళయితే వదిలేస్తార్లేరా" అని శిక్ష పడిన రోజు మామయ్య ధైర్యం చెప్పాడు. అప్పుడు నాకు 22. పొలం గట్టు తగాదాలో ఒక మనిషి చనిపోయాడు, అందులో నా చెయ్యి ఉంది. జీవిత ఖైదు అంటే బతికినన్నాళ్ళూ అని సుప్రీంకోర్టు 1961లోనే తేల్చిందని లోపలికి వెళ్ళాక పాత లైఫర్లు, అంటే జీవిత ఖైదీలు, చెప్పారు. హత్య కేసులో 14 ఏళ్ళు నిండితే విడుదల ఫైలు కదలడానికి వీలవుతుంది, అంతే.

రాజమండ్రి జైల్లో మొదటి మూడేళ్ళు మగ్గం తప్ప నాకు లోకం లేదు. ఒక మాస్టారు, ఆయనా ఖైదీయే, పోరు పెట్టి అంబేద్కర్ ఓపెన్ యూనివర్సిటీలో డిగ్రీకి కట్టించారు. డిగ్రీ సంగతి అలా ఉంచితే, పరీక్షల టెన్షన్ నాకు మేలు చేసింది. రేపటి గురించి భయపడటానికి అందరికీ ఉండే మామూలు కారణం ఒకటి దొరికింది.

తర్వాత అనంతపురం ఓపెన్ ఎయిర్ జైలు. ఎత్తు గోడల్లేవు. తెల్లారగానే పేడ ఎత్తి, పాలు పితికి, తోట పనికి వెళ్ళేవాళ్ళం. పారిపోవడం తేలికే, పోతే ఏం పోగొట్టుకుంటామో అందరికీ తెలుసు. మనిషినయ్యానంటే అక్కడే. కానీ అక్కడికి రావాలంటే ముందు మూసిన జైల్లో ఏళ్ళ తరబడి మంచి నడత చూపించాలి. ఇరవై ఏళ్ళ కుర్రాణ్ణి అన్నాళ్ళు బ్యారక్‌లో ఎందుకు నానబెడతారో నాకిప్పటికీ అర్థం కాదు.

14 ఏళ్ళు నిండాయని నేను వేళ్ళ మీద లెక్కపెట్టుకున్న సంవత్సరం, విడుదల జాబితాలో నా పేరు లేదు. శిక్ష వేసినప్పుడు కోర్టు పంపిన వారంటులో రిమాండు తేదీలే, అంటే తీర్పుకి ముందు జైల్లో ఉన్న రోజులే, రాయలేదు. అలా 11 నెలలు గాలికి పోయాయి. 2024 దాకా అమల్లో ఉన్న క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్పీసీ) 428 సెక్షన్ కింద ఆ రోజులు శిక్షలో కలపాల్సింది, లైఫర్లకీ ఇది వర్తిస్తుందని 1985లోనే తీర్పు ఉంది. ఇదంతా చెప్పింది న్యాయ సేవాధికార సంస్థ పంపిన లాయరమ్మ. జైల్లో ఉన్నవాళ్ళకి ఆదాయంతో పని లేకుండా లాయర్ని ఉచితంగా ఇస్తారు. నాకు పదేళ్ళ దాకా ఆ సంగతే తెలియదు! తేదీల కాగితం కోసం అక్క ఆరుసార్లు తిరిగింది. "పాత రికార్డమ్మా, దొరకట్లేదు" అన్నారు. ఆరోసారి దొరికింది.

ఇక పోలీసు రిపోర్టు. వీడొస్తే ఊళ్ళో గొడవలవుతాయా అని విచారించాలి. మొదటిసారి అవుతాయనే రాసి పంపారు. ఊళ్ళో ఎవర్నీ అడగలేదని అక్క తర్వాత కనుక్కుంది. రెండోసారి ప్రొబేషన్ ఆఫీసరు గారు స్వయంగా వచ్చి, చనిపోయినతని అన్న ఇంటికీ వెళ్ళారు. "రానీండి. మా గుమ్మం తొక్కకపోతే చాలు" అన్నాడట ఆయన. పెరోల్ మీద నాలుగుసార్లు వచ్చి, నాలుగుసార్లూ చెప్పిన రోజుకే తిరిగెళ్ళాను. ఫైల్లో అది బాగా పనిచేసిందని లాయరమ్మ అంది.

జీవో వచ్చింది, బాండు రాసిచ్చాను, బయటికొచ్చాను.

జైలు కూలి డబ్బుతో రెండు గేదెలు కొన్నాను. చనిపోయినతని వాళ్ళ పొలం మా గట్టుకి అవతలే. నీళ్ళ వంతు వచ్చిన రోజు నేను వెళ్ళను, తమ్ముణ్ణి పంపుతున్నాను.