మూడోసారి చట్నీ

బ్రాడీపేట, మంగళవారం

పొద్దున్న ఐదున్నరకే మా కార్టూన్ డైలాగుల రికార్డింగ్. ఆరు దాటితే పాలబండ్లు, స్కూలు ఆటోలు మొదలు. ఫ్యాన్ ఆపి కూర్చోగలిగేదీ అప్పటిదాకానే. బీరువా తెరిచి చీరల ముందు మైకు పెట్టి, వెనక రెండు బొంతలు వేలాడదీస్తే గది మోత చాలావరకు చచ్చిపోతుంది. మైకు నోటికి జానెడు దూరంలో, కాస్త పక్కకి ఉండాలి. ఎదురుగా ఉంటే ప, భ దగ్గర గాలి కొడుతుంది. చివర్లో అర నిమిషం ఉత్త గదిని రికార్డు చేసుకోవాలి, డైలాగుల మధ్య అతుకులకి.

పైలట్, అంటే మచ్చుకి తీసే మొదటి ఎపిసోడ్, ఏడు నిమిషాలు. సెకనుకి 24 చొప్పున 10,080 ఫ్రేములు. ఒక్కో బొమ్మని రెండేసి ఫ్రేములు నిలిపినా 5,040 బొమ్మలు. ఇద్దరు గీసే లెక్క కాదది. అందుకే కటౌట్ పద్ధతి: తల, మొండెం, చేతులు విడివిడిగా గీసి కీళ్ల దగ్గర కలపడం. ఇందులో మొండికేసేది తల. పక్కకి తిప్పాలంటే మళ్లీ గీయాల్సిందే. కాబట్టి టిఫిన్ బండి సీనులో అందరూ ముప్పావు మొహాలే, అంటే కాస్త పక్కకి తిరిగినవే.

మధ్యాహ్నమంతా ఆ సీను యానిమాటిక్‌తోనే (కచ్చా బొమ్మలకి మాటలు కలిపి టైమింగ్ చూసుకునే వీడియో) సరిపోయింది. కుర్రాడు మూడోసారి చట్నీ అడుగుతాడు. బండాయన గరిటె ఆపి చూస్తాడు. "ఇడ్లీలోకి చట్నీయా అబ్బాయ్, చట్నీలోకి ఇడ్లీయా?"

ఆ చూపు 8 ఫ్రేములుంటే నవ్వు రాలేదు. 30 అయితే సాగింది. 20 దగ్గర కుదిరింది, 14వ ఫ్రేములో ఒక రెప్పపాటుతో. ఖర్చు ఒక్క బొమ్మే! కానీ తెర మొత్తం కదలకపోతే వీడియో ఆగిపోయిందనుకుంటారు. వెనక ఇడ్లీ పాత్ర ఆవిరి, 8 బొమ్మల లూపు, తిరుగుతూ ఉండాలి.

పెదాలకి తొమ్మిది నోటి ఆకారాలు చాలు. ప, బ, మలకి మాత్రం నోరు మూయాల్సిందే, శబ్దానికి ఒక ఫ్రేము ముందే. "అబ్బాయ్"లో ద్విత్వానికి ఒక్క ఫ్రేము మూస్తే చాలదు, మూడైనా కావాలి. లేదంటే అచ్చం డబ్బింగ్ సినిమాయే.

రాత్రి రెండర్ (కంప్యూటర్ ఫైనల్ ఫ్రేములు తయారుచేయడం) 214వ ఫ్రేములో ఉండగా కరెంటు పోయింది. నేరుగా వీడియో ఫైలుగా తీసుంటే అది తెరుచుకునేది కాదు. ఫ్రేముకొకటిగా విడివిడి పీఎన్‌జీ బొమ్మలుగా తీయడం వల్ల పాడైన ఆ ఒక్కటీ చెరిపేసి అక్కడినుంచే మళ్లీ మొదలు.

టైటిల్ కార్డులో "చట్నీ" కింద న-వత్తు ఊడి పక్కకొచ్చి కూర్చుంది. ఇంక్‌స్కేప్ అనే బొమ్మలు గీసే సాఫ్ట్‌వేర్‌లో టైపు చేసి, అక్షరాలని గీతలుగా మార్చి తెచ్చాక గానీ దాని చోట్లోకి అది వెళ్లలేదు.